మాటల్లేని అన్నాచెల్లెళ్లు, ఒక కారు, నెల్లూరు నుంచి శ్రీశైలం: స్క్రిప్టుకి మీ సాయం కావాలి

#1 పెన్నాగట్టు

అందరికీ నమస్కారం. మాది కోవూరు. చెన్నైలో ఎడిటింగ్ పని చేస్తున్నాను. రెండు షార్ట్ ఫిల్ములు తీశాను. ఇప్పుడు గంటా నలభై నిమిషాల సినిమా ఒకటి నా సొంత డబ్బుతో, నలుగురు స్నేహితుల సాయంతో తీయాలని పూనుకున్నాను. పేరున్న నటులు లేరు, పాటలు లేవు. ఎనిమిది మంది యూనిట్టు, ఒక కారు, 15 రోజుల షూటింగు.

కథ ఇది. అన్నకి అరవై దాటాయి, చెల్లెలికి యాభై ఆరు. పొలం గొడవతో 14 ఏళ్లుగా మాటల్లేవు. తల్లి చనిపోయింది. "నా అస్థికలు శ్రీశైలం పాతాళగంగలో కలపండి, ఇద్దరూ కలిసే పోండి" అని బతికుండగానే మాట తీసుకుంది. ఇద్దరే కారెక్కుతారు. నెల్లూరులో తెల్లవారుజామున బయల్దేరి హైవే మీద ఒంగోలు, అక్కణ్ణించి పొదిలి, మార్కాపురం, దోర్నాల, శ్రీశైలం.

ఇప్పటికి మూడు సీన్లు రాసుకున్నాను. కావలి దాటాక హైవే హోటల్లో చేపల పులుసు దగ్గర మొదటి గొడవ. ఉలవపాడులో మామిడికాయలు కొంటూ చిన్నప్పటి సంగతి గుర్తొచ్చి మొదటిసారి నవ్వడం. చివర పాతాళగంగ మెట్ల మీద ఒకరినొకరు పట్టుకుని ఏడవడం.

ఈ దారి తెలిసినవాళ్లు, ఇలాంటి ఇళ్లు చూసినవాళ్లు తప్పొప్పులు చెప్పండి. మొహమాటం వద్దు.

#2 సింగరాయకొండ

మంచి పని తలపెట్టావమ్మా. నేను రైల్వేలో చేసి రిటైరయ్యాను. ఆ హైవే పక్కనే నా బతుకంతా గడిచింది.

ఉలవపాడులో రోడ్డు పక్కన మామిడి బుట్టలు పెట్టేది ఏప్రిల్ నుంచి జూన్ దాకానే. మిగతా నెలల్లో నీకు సపోటాలు దొరుకుతాయి. నీ షూటింగు ఎప్పుడో చూసుకుని కాయ మార్చుకో. ఎండాకాలమైతే పదిన్నర దాటాక కారులో ఎవరూ కూర్చోలేరు, ముసలివాళ్లు అసలు కూర్చోలేరు.

ఇంకో మాట. నెల్లూరు నుంచి ఒంగోలు దాకా సుమారు 120 కిలోమీటర్లు. ఇప్పుడున్న రోడ్డు మీద అది రెండు గంటల పని. ఊళ్లన్నీ బైపాసుల అవతల ఉండిపోయాయి. అసలు దారి ఒంగోలు దాటాకే మొదలవుతుంది.

#3 మూడో_కూతురు

పెన్నాగట్టు గారూ, మీ మొదటి సీనే నిలబడదు.

తల్లి పోయి అస్థికలు పట్టుకుపోతున్నారంటే సంచయనం అయింది, ఇంకా పెద్దకర్మ కాలేదు. అన్నే కదా కర్త. మా ఇళ్లల్లో కర్త ఆ రోజుల్లో హోటల్లో కూర్చుని తినడు. చేపలు కాదు కదా, ఇంట్లో కూరకి తాలింపు కూడా వెయ్యం. ఒళ్లు నలగ్గొట్టుకుని నేల మీద పడుకుని ఉంటాడు. గుడి మెట్లెక్కడు, ఒకరింటికి పోడు. ఇంటింటికీ పద్ధతులు మారతాయి గాని, తల్లి పోయిన వారం లోపల చేపల పులుసు మాత్రం ఏ ఇంట్లోనూ ఉండదు.

ఈ సీను చూస్తే నెల్లూరు, ఒంగోలు జనం అక్కడే సినిమా వదిలేస్తారు. "వీళ్లకి అమ్మ పోయిందా" అని అడుగుతారు.

దారిలో ఏం తింటారంటే, ఇంటి నుంచి తెచ్చుకున్నదే తింటారు. మరి ఎవరు వండారు? వదిన వండి ఉంటే చెల్లెలు ఆ క్యారియరు ముట్టుకుంటుందా? చెల్లెలు వండి తెస్తే అన్న తింటాడా? మీ గొడవ అక్కడుంది చూడండి.

#4 పెన్నాగట్టు

నాకు తట్టనే లేదండీ. అమ్మమ్మ పోయినప్పుడు నేను అక్కడే ఉన్నాను, పదకొండు రోజులూ చప్పిడి తిన్నాను, అయినా రాసేటప్పుడు చేపల పులుసు రాశాను. నెల్లూరు అనగానే చెయ్యి దానంతట అదే రాసేసింది. ఆ సీను తీసేస్తున్నాను.

చెల్లెలే వండి తెస్తుంది. పెరుగన్నం, తాలింపు లేకుండా. స్టీలు క్యారియరు. అన్న తింటాడా లేదా అన్నది ఒంగోలు దాటేదాకా తెలియకూడదు.

#5 కంభంచెరువు

నాది మీ కథలో ఇంకా మొదట్లో ఉన్న అభ్యంతరం. ఇద్దరే ఎందుకు కారెక్కారు?

పగబట్టిన అన్నదమ్ములు, అక్కాచెల్లెళ్లు మన వైపు ఎప్పుడైనా ఇద్దరే ఒక బండిలో కూర్చోవడం చూశారా? నేను చూళ్లేదు. మాటల్లేని ఇంట్లో మాటలు ఆగిపోవు. మూడో మనిషి మీదుగా నడుస్తాయి. "మీ మామని అడుగు, మంచినీళ్లు కావాలేమో." ఆయన పక్కనే ఉంటాడు, విన్నాడు కూడా. అయినా ఆ పిల్ల మళ్లీ అడుగుతుంది: "మామా, మంచినీళ్లు కావాలా?" అప్పుడు ఆయన "వద్దని చెప్పు" అంటాడు. ఆ పిల్ల మళ్లీ ఇటు తిరిగి "వద్దంట" అంటుంది. ఇలా పెళ్లిళ్లు జరిపిన ఇళ్లున్నాయి. మా పెదనాన్న, మా నాన్న మధ్య మా నాయనమ్మ పోయేదాకా ఇదే పద్ధతి. ఆమె చెవులు వినిపించకపోయినా ఇద్దరూ ఆమెకే చెప్పేవాళ్లు. ఆమె ఉంటే చాలు.

ఇద్దరు మనుషులు, ఒక కారు, పొడుగు రోడ్డు, మనసు విప్పి మాట్లాడుకోవడం అనేది మనం ఎక్కడెక్కడో చూసి తెచ్చుకున్న ఊహ. కారులో మూడో మనిషి లేకపోతే వాళ్లు శ్రీశైలం దాకా ఒక్క మాటా మాట్లాడరు. తిరిగొచ్చేదాకా మాట్లాడరు.

#6 మైపాడు_అల

కంభంచెరువు గారు చెప్పింది అక్షరాలా నిజం. మా ఇంట్లో ఆ మూడో మనిషిని నేనే. ఏడేళ్ల వయసులో అత్తకీ నాన్నకీ మధ్య మాటలు మోశాను. అత్త తిట్టిన మాట చెప్పకుండా మింగేసేదాన్ని. నాన్న "ఇంకేమన్నా అనిందా" అని అడిగితే "లేదు" అనేదాన్ని. ఆ మింగేసిన మాటలు ఇప్పటికీ నాకు గుర్తున్నాయి.

#7 పెన్నాగట్టు

నిన్న రాత్రి ఈ రెండు పోస్టులు చదివాక నిద్ర పట్టలేదు.

ఇది మా అమ్మ, మా మామ కథ. మొదటి పోస్టులో ఆ మాట రాయలేకపోయాను. కారులో ఇద్దర్నే ఎందుకు కూర్చోబెట్టానో ఇప్పుడు అర్థమైంది. ఆ మూడో మనిషిని నేను. నన్ను నేను కథలోంచి తీసేసుకున్నాను.

జరిగింది చెప్తాను. మా తాత 2010లో పోయాడు. ఆయన సొంతంగా కొన్న నాలుగెకరాల మాగాణి ఉంది. 2011లో మామ కబురు పెట్టాడు, సంతకం పెట్టాలి రమ్మని. అమ్మ అప్పటికి ఒంగోల్లో ఉంటోంది. నన్ను తోడు తీసుకుని బస్సులో వచ్చింది. రిజిస్ట్రారాఫీసు వరండాలో పదకొండు నుంచి రెండున్నర దాకా కూర్చున్నాం. అమ్మ సంతకం పెట్టింది, వేలిముద్ర వేసింది. బొటనవేలికి అంటిన ఇంకు తుడుచుకోడానికి మామ తన రుమాలు ఇచ్చాడు. తర్వాత జేబులోంచి రెండు వంద నోట్లు తీసి, మధ్యకి మడిచి, అమ్మ చేతిలో కాదు, నా చేతిలో పెట్టాడు. "బస్సు చార్జీకి ఉంచండి" అన్నాడు.

ఇంటికి రమ్మనలేదు. ఆ ఇల్లు అక్కడికి రెండు కిలోమీటర్లు. అమ్మమ్మ ఆ ఇంట్లోనే ఉంది.

అమ్మ పొలం గురించి ఇప్పటిదాకా ఒక్కమాట అనలేదు. "మజ్జాన్నం రెండున్నర. అన్నం తిని పో అనలేదు మీ మామ" అంటుంది. అంతే. పోయినేడు అమ్మమ్మ కర్మలో కూడా ఇద్దరూ చెరో గదిలో ఉన్నారు. మధ్యలో నేను తిరిగాను. శ్రీశైలం మాత్రం పోలేదు. అమ్మమ్మ అడిగింది నిజమే గాని, మామ ఒక్కడే పెన్నలో కలిపేశాడు. పోని ఆ ప్రయాణమే నా సినిమా.

కాబట్టి కారు నడిపేది మేనకోడలు. మామ ముందు సీట్లో, అమ్మ వెనక.

#8 దస్తావేజు

నేను ముప్పై ఏళ్లుగా ఇవే కాగితాలు రాస్తున్నాను. మీ కథలో చట్టం సంగతి సరిగ్గా పెట్టుకుంటే లోపల ఇంకో గట్టి ముడి దొరుకుతుంది.

తాత సొంతంగా సంపాదించిన ఆస్తి, వీలునామా లేకుండా పోయాడనుకుంటే 1956 నాటి హిందూ వారసత్వ చట్టం ప్రకారమే భార్యకి, కొడుక్కి, కూతురికి సమాన వాటా. దానికి ఏ సవరణా అక్కర్లేదు. జనం 2005లోనే ఆడపిల్లకి హక్కు వచ్చిందనుకుంటారు. అది తాతముత్తాతల నుంచి వచ్చిన పిత్రార్జితం సంగతి. దాంట్లో కూడా మన ఆంధ్రప్రదేశ్ ముందే నడిచింది. 1986లో చట్టం తెచ్చి, 1985 సెప్టెంబర్ 5 నుంచి వర్తించేలా కూతురికి కొడుకుతో సమానంగా పుట్టుకతో హక్కు ఇచ్చారు, కాకపోతే ఆ తేదీకి ముందే పెళ్లయినవాళ్లకి లేదు. 2005 సెప్టెంబర్ 9 నుంచి కేంద్ర సవరణతో ఆ తేడా పోయింది. ఆ తేదీ నాటికి తండ్రి బతికుండాలా అన్న తగాదాని 2020 ఆగస్టులో సుప్రీంకోర్టు తేల్చింది, ఉండక్కర్లేదని.

చట్టం ఇంత చెప్పినా నా బల్ల ముందు కూర్చున్న ఆడపడుచుల్లో ఎక్కువమంది హక్కు విడుదల, అంటే నా వాటా వదులుకుంటున్నానన్న కాగితం, రాసిచ్చేవాళ్లే. "పుట్టింటి గడప కావాలండీ, పొలం ఏం చేసుకుంటాను" అంటారు. గడప కోసం సంతకం పెట్టి, ఆ రోజే గడప పోగొట్టుకుంది మీ అమ్మ. నేను ఇది ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు.

ఇప్పుడు ముడి. అమ్మమ్మకి పుట్టింటివాళ్లు పసుపు కుంకుమ కింద ఇచ్చిన పొలం చెక్క ఏదైనా ఉందా? ఉంటే అది ఆమె ఆస్తి. ఆమె వీలునామా రాయకుండా పోతే కొడుక్కీ కూతురికీ సమానం. తండ్రి ఆస్తికి 2011లో రాసిన హక్కు విడుదల దానికి వర్తించదు. అంటే మామకి మళ్లీ చెల్లెలి సంతకం కావాలి. ఆ కారు డాష్‌బోర్డు అరలో స్టాంపు కాగితాలు ఉన్నాయా లేవా? చెల్లెలికి ఆ అనుమానం ఉంటుందా ఉండదా? నేనైతే ఆ అర తెరిచే చెయ్యి ఎవరిదో ఆలోచిస్తాను.

#9 శబ్దం

ఒంగోలు వాణ్ణి. హైదరాబాదులో సౌండ్ రికార్డిస్టుగా చేస్తున్నాను. మీరు డబ్బింగ్ పెట్టుకోవద్దు, లైవ్ సౌండే చెయ్యండి. ఇలాంటి కథలో మాట కన్నా మాటకి ముందు గొంతు సవరించుకోవడం ముఖ్యం. అది డబ్బింగ్ థియేటర్లో రాదు.

కారులో లైవ్ సౌండు కష్టమే గాని అసాధ్యం కాదు. ఏసీ ఆపాలి, అద్దాలు ఎత్తాలి. అద్దం రెండంగుళాలు దించినా గాలి రొద మాటని మింగేస్తుంది. చిన్న మైకులు బట్టల్లోపల అతికించి, సన్‌వైజర్ దగ్గర ఇంకోటి పెట్టుకుందాం. ఎండలో ఏసీ లేకుండా నాలుగు నిమిషాల టేకు కన్నా ఎక్కువ తీయకండి, పెద్దవాళ్లు నటిస్తున్నారు. అందుకే డిసెంబరు, జనవరి మంచిది. రోజూ షూటింగు అయ్యాక ఖాళీ కారులో ఎవరూ మాట్లాడకుండా ఆ రోడ్డు మీదే పది నిమిషాలు నడిపి ఆ చప్పుడు విడిగా రికార్డు చేస్తాను. తారు రోడ్డు చప్పుడు వేరు, సిమెంటు రోడ్డు చప్పుడు వేరు. ఎడిటింగులో ఒకదాని పక్కన ఒకటి పడితే చెవికి దొరికిపోతుంది.

కెమెరా నా పని కాదు గాని ఒకటి గమనించండి. నెల్లూరు నుంచి ఒంగోలు దాకా బండి ఉత్తరానికి పోతుంది. పొద్దున ఎండ కుడి కిటికీలోంచి వస్తుంది, అంటే నడిపే అమ్మాయి మీద, ఆమె వెనక కూర్చున్న తల్లి మీద. మామ నీడలో ఉంటాడు. ఒంగోల్లో పడమరకి తిరిగి మధ్యాన్నం దాటితే ఎండ ముందు అద్దంలోంచి ఎదురుగా కొడుతుంది. అప్పుడు మామ మొహం దాచుకోవడానికి చోటు ఉండదు. ఈ వెలుగు మీకు ఊరికే వస్తుంది, లైట్లు అక్కర్లేదు. డాష్‌బోర్డు మీద నల్ల గుడ్డ పరవండి, లేకపోతే అద్దంలో దాని నీడ పడుతుంది. నిజంగా నడిపే అమ్మాయి చేత ఏడిపించే సీను మాత్రం చేయించొద్దు. ఆ షాట్లకి బండిని ఇంకో బండితో లాగించండి.

యాస మాట. 1970లో ఒంగోలు జిల్లాని మూడు ముక్కలు తెచ్చి అతికారు. కందుకూరు, కనిగిరి, పొదిలి, దర్శి నెల్లూరువి. ఒంగోలు, అద్దంకి, చీరాల గుంటూరువి. మార్కాపురం, గిద్దలూరు కర్నూలువి. ప్రకాశం అని పేరు పెట్టింది 1972లో. మీ కారు పోయేది ఈ అతుకుల మీదే. టీ కొట్టు మనిషి, పెట్రోలు బంకు కుర్రాడు, గేటు దగ్గర మనిషి ఒక్కలా మాట్లాడితే వినేవాడికి తెలిసిపోతుంది. ఆ మాటలకి ఆ ఊరి మనుషుల్నే పెట్టండి.

#10 గెలాక్సీ_రాయి

మాది చీమకుర్తి, క్వారీ లారీల పని. ఒంగోలు నుంచి పొదిలి రోడ్డు మీద మా ఊరు దాటకుండా పోలేరు. నల్లరాయి, లోపల బంగారు రంగు చుక్కలు, దాన్నే గెలాక్సీ అంటారు. ఒక్కో లారీ మీద ఒకటో రెండో దిమ్మెలు, పక్కన పెయింటుతో నంబర్లు. దాని వెనక పడితే చిన్న కారు ఓవర్‌టేకు చెయ్యలేదు, దుమ్ములో అలా పోవాల్సిందే. అరగంట ఒక రాతి దిమ్మె వెనకాలే ముగ్గురూ కూర్చుని పోతుంటారు, ఎవరూ మాట్లాడరు. ఆ షాటు తీసుకోండి. మా లారీ నేనిప్పిస్తాను, కిరాయి వద్దు.

మార్కాపురంలో పలకల రాయి కనబడుతుంది. మీ అమ్మ, మీ మామ అక్షరాలు దిద్దింది బహుశా ఆ పలక మీదే.

అన్నిటికన్నా ముఖ్యమైంది ఎవరూ చెప్పలేదు. దోర్నాల నుంచి శ్రీశైలం ఘాట్ రోడ్డు పులుల అడవిలోంచి పోతుంది. రాత్రి 9 నుంచి పొద్దున 6 దాకా చెక్‌పోస్టు దగ్గర గేటు వేసేస్తారు. 9 దాటి ఒక్క నిమిషం లేటైనా ఆగాల్సిందే, ఎవరి పేరు చెప్పినా వదలరు. మీ కారు దారిలో ఎక్కడెక్కడో గంటలకి గంటలు పోగొట్టుకుని 9:10కి అక్కడ చేరిందనుకోండి. ముగ్గురూ, ఆ అస్థికలూ, తెల్లారేదాకా దోర్నాల్లో.

#11 మూడో_కూతురు

గెలాక్సీ_రాయి గారూ, మీకు దణ్ణం. సినిమా అక్కడుంది.

అస్థికలు ఇంట్లోకి తీసుకుపోరు. ఎవరింటి గడపా దాటించరు, లాడ్జి గదిలోకి కూడా తీసుకెళ్లరు. మావాళ్లు మూట కట్టి బయట చెట్టు కొమ్మకి వేలాడదీస్తారు, నేల తగలకుండా. మరి ముక్కూమొహం తెలియని ఊళ్లో, రాత్రి పూట, అమ్మని చెట్టుకి కట్టి ఎవరు లోపలికి పోయి పడుకుంటారు? కుక్కలున్నాయి. కొడుకు కావలి ఉండాలి. కూతురు మాత్రం పడుకోగలదా?

మేనకోడలు పొద్దుణ్ణించి బండి నడిపింది. అలిసిపోయి వెనక సీట్లో నిద్రపోతుంది. అదీ సంగతి. 14 ఏళ్లలో మొదటిసారి మాటలు మోసే మనిషి లేదు.

#12 కంభంచెరువు

ఇది విన్నాక నా అభ్యంతరం వెనక్కి తీసుకుంటున్నాను. మూడో మనిషిని తేవడం కాదు, తెచ్చి నిద్రపుచ్చాలి.

ఒక్కటే కోరతాను. ఆ చెట్టు కింద పొలం మాట, క్షమించమనే మాట రానీయకండి. పాతాళగంగ మెట్ల మీద పట్టుకుని ఏడవడం కూడా వద్దు.

#13 సింగరాయకొండ

మూడు రోజులుగా ఈ చర్చ చదువుతూ రాయాలా వద్దా అనుకున్నాను.

అమ్మా పెన్నాగట్టు, నేను మీ మామ లాంటి అన్నని. మా చెల్లెలు కందుకూరులో ఉంటుంది. 19 ఏళ్లు అయింది. నేనూ సంతకం పెట్టించుకున్నాను, నేనూ ఇంటికి తీసుకుపోలేదు. అందరూ అనుకునేది, భార్య మాట విని అట్ట చేశాడని. కాదు. మా ఆవిడ ఆ రోజు చెల్లెలి కోసం వంట చేసి పెట్టింది.

జరిగింది ఏందంటే, మా చెల్లెలు సంతకం పెట్టేముందు ఒక్కసారి కూడా కాగితం చదవలేదు. "యాడ పెట్టాలి నా" అని అడిగి పెట్టేసింది. నాకు ఆ మనిషి మొహం చూడ్డానికి మొహం చెల్లలేదు. ఇంటికి తీసుకుపోతే ఎదురుగా కూర్చుని అన్నం తింటుంది, నేను వడ్డించాలి. ఆ పని నావల్ల కాలేదు. బస్సెక్కించేశాను. ఇంటికొచ్చి "ఆమెకి పనుందంట, పోయింది" అని మా ఆవిడకి అబద్ధం చెప్పాను. తర్వాత మా చెల్లెలి కూతురి పెళ్లికి శుభలేఖ వచ్చింది. మేనమామని. పిల్లని గంపలో తేవాల్సింది నేను. పోలేదు. ఎవరో వరసకి అన్నయ్య చేత తెప్పించారంట.

మామ వైపు సీను నీ స్క్రిప్టులో లేదు. రుమాలు ఇచ్చాడన్నావు కదా. ఆ రుమాలు ఇచ్చిన మనిషి చెడ్డవాడు కాదమ్మా. ఆ నోట్లు నీ చేతిలో పెట్టింది కూడా ఆమె చేతిలో పెట్టలేకే.

#14 మూడో_కూతురు

సింగరాయకొండ గారూ, మీ వయసుకి గౌరవం ఇచ్చే రాస్తున్నాను. నేను సంతకం పెట్టిన చెల్లెల్ని. నా అన్నలకి మొహం చెల్లక పిలవలేదో, అక్కర తీరి పిలవలేదో నాకు ఈరోజుకీ తెలీదు. మీరు రాసింది చదివి ఏడ్చాను. అయినా ఇక్కడ రాస్తే కందుకూరులో ఉన్న మనిషికి తెలీదు కదండీ. ఆమె ఇంకా బస్సులోనే కూర్చుని ఉంది.

#15 సింగరాయకొండ

నిజమేనమ్మా.

#16 పెన్నాగట్టు

వారం రోజులు కూర్చుని మళ్లీ రాశాను. దోర్నాల సీను ఇక్కడ పెడుతున్నాను. మిగతాది మారొచ్చు, ఇది మారదు.

గేటు పడిపోయింది. రోడ్డు పక్క వేపచెట్టు. కొమ్మకి తెల్లగుడ్డ మూట. అమ్మాయి వెనక సీట్లో కాళ్లు ముడుచుకుని నిద్రపోతోంది, తలుపు తెరిచే ఉంది. చెట్టుకి ఇటు మామ తువ్వాలు పరుచుకుని కూర్చున్నాడు. అటు అమ్మ. చలి. మధ్యలో స్టీలు క్యారియరు, పొద్దుణ్ణించి ఎవరూ తెరవలేదు.

మామ కారు వైపు చూసి, నిద్రపోతున్న పిల్లతో చెప్పినట్టు అంటాడు: "పెరుగన్నం పులిసిపోద్దేమో."

అమ్మ కూడా కారు వైపే చూస్తుంది. పిల్ల కదలదు.

చాలాసేపటి తర్వాత అమ్మ క్యారియరు తెరుస్తుంది. మూతలో అన్నం పెడుతుంది. ముద్దలు కాదు, మూత నిండా. ఆయన వైపు జరుపుతుంది. చెయ్యి కడుక్కోవడానికి నీళ్ల సీసా మూత తీసి వంచుతుంది. ఆయన చేతులు చాపుతాడు. బొటనవేలు తడుస్తుంది.

"ఉప్పు చాల్లేదా నా?"

ఆయన తింటూ తల అడ్డంగా ఊపుతాడు. చాలింది.

ఇంతే. పొద్దున ఆరుకి గేటు తీస్తారు. పాతాళగంగలో మెట్లు దిగడం దూరం నుంచి చూపిస్తాను, దగ్గరికి పోను. డాష్‌బోర్డు అర చివరిదాకా ఎవరూ తెరవరు. అందులో కాగితాలున్నాయో లేదో నాకూ అక్కర్లేదనిపించింది. దస్తావేజు గారూ, మన్నించండి.

సింగరాయకొండ గారూ, వండిపెట్టి ఎదురుచూసిన అత్త సీను ఒకటి రాసుకున్నాను. మీ అనుమతి ఉంటేనే తీస్తాను.

#17 దస్తావేజు

మన్నించడానికేముందమ్మా. తెరవని అరే మంచిది. ఒక్క సవరణ. మీ రిజిస్ట్రారాఫీసు సీనులో సాక్షులు ఇద్దరు ఉండాలి. వాళ్లలో ఒకడు టీ తాగుతూ ఉండాలి.

#18 సింగరాయకొండ

తీసుకోమ్మా. ఆ రోజు మా ఆవిడ చేసింది గుత్తివంకాయ, పప్పుచారు. మా చెల్లెలికి వంకాయంటే ఇష్టం. అది కూడా పెట్టుకో.

#19 శబ్దం

జనవరిలో పది రోజులు నేను ఖాళీ పెట్టుకుంటున్నాను. ఒంగోలు నుంచి దోర్నాల దాకా నా సామాను, నా ఖర్చు. చెక్‌పోస్టు దాటి అడవి లోపల కెమెరా పెట్టాలంటే అటవీ శాఖ అనుమతి తప్పనిసరి, ఇప్పుడే దరఖాస్తు పెట్టండి. డ్రోను మాట అసలు ఎత్తకండి. చెట్టు సీను చెక్‌పోస్టుకి ఇవతల, ఊరి వైపు తీస్తే ఆ తంటా లేదు. కాకపోతే దోర్నాల్లో రాత్రి లారీలు ఆగి ఇంజన్లు నడుస్తూ ఉంటాయి. వాటిని తీసెయ్యొద్దు. గేటు తెరిచేదాకా అందరూ కాచుకుని ఉన్నారని ఆ చప్పుడే చెప్తుంది.

#20 పెన్నాగట్టు

అందరికీ ఒక కబురు. మామ పాత్రకి నెల్లూరు యాస సరిగ్గా పట్టుకోడానికి మా మామ గొంతే రికార్డు చేసుకుంటానని నిన్న ఫోన్ చేశాను. సినిమా సంగతి మొత్తం చెప్పాను, చెట్టు సీను కూడా చదివి వినిపించాను. చాలాసేపు లైన్లో ఏమీ వినబడలేదు. తర్వాత "మీ అమ్మ ఏమంటదో కనుక్కుని చెప్పు" అన్నాడు.

అమ్మని అడిగాను. బియ్యం ఏరుతోంది. తలెత్తకుండా "మీ మామ సరేనంటే నాకేం" అంది. రవ్వంతసేపు ఆగి, "రికార్డింగుకి పోయేది మజ్జాన్నమా, పొద్దున్నా? అన్నం వేళకి పోవాకు, మీ మామ షుగరు మనిషి, టయానికి తినాలని చెప్పు" అంది.

ఆదివారం పొద్దున పోతున్నాను. ఈ మాట కూడా తీసుకుపోతున్నాను.